కుమార్ గంధర్వ: తగ్గిన ఊపిరి, మారిన గానం

ఈ పాఠం ప్రారంభించే ముందు ఒక చిన్న పని చేయండి. గుండెల నిండా గాలి పీల్చుకొని, 'ఆ' అంటూ ఒక స్వరాన్ని నిలపండి. ఎన్ని సెకన్లు నిలపగలిగారో లెక్కపెట్టండి. ఊపిరి అయిపోగానే స్వరం ఆగిపోయింది కదా! గాయకునికి ఊపిరే ఆధారం. ఆ ఊపిరే తగ్గిపోతే గాయకుడు ఏం చేయాలి? అటువంటి పరిస్థితిని ఎదుర్కొన్న హిందుస్తానీ గాయకుడు కుమార్ గంధర్వ గురించి ఇప్పుడు తెలుసుకుందాం.

1. మనోధర్మం అంటే ఏమిటి?

కీర్తన పాడేటప్పుడు గాయకుడు ముందే కూర్చిన వరుసను అనుసరిస్తాడు. రాగాలాపనలో అలా కాదు. ఏ స్వరం తరువాత ఏ స్వరం రావాలో, రాగ నియమాలకు లోబడి, ఆ క్షణంలోనే తాను నిర్ణయించుకుంటాడు. కర్ణాటక సంగీతంలో దీనిని మనోధర్మం అంటారు. హిందుస్తానీ సంగీతంలోని ఖయాల్‌లో దీనికి చాలా ప్రాధాన్యం ఉంది. బందిష్ అనే కొద్ది పంక్తుల రచనను ఆధారం చేసుకొని, గాయకుడు అరగంటకు పైగా రాగాన్ని విస్తరించవచ్చు. అందులో వేగంగా సాగే స్వరాల వరుసను తాన్ అంటారు.

2. బాల్యం, శిక్షణ

ఆయన అసలు పేరు శివపుత్ర సిద్ధరామయ్య కొంకాళిమఠ్. 1924 ఏప్రిల్ 8న నేటి కర్ణాటకలోని బెళగావి దగ్గర సూళెభావి గ్రామంలో జన్మించారు. పసితనంలోనే గ్రామఫోను రికార్డులు విని, పెద్ద విద్వాంసుల పాటలను ఉన్నవి ఉన్నట్లు పాడేవారు. ఒక మఠాధిపతి ఆయనకు 'కుమార్ గంధర్వ' అనే బిరుదు ఇచ్చారు. అదే పేరుగా స్థిరపడింది. పదకొండేళ్ల వయస్సులో బొంబాయి చేరి, బి.ఆర్. దేవధర్ వద్ద శిష్యరికం చేశారు.

3. వ్యాధి, మౌనం

పేరు వస్తున్న రోజుల్లోనే ఆయనకు క్షయవ్యాధి సోకింది. 1948లో పొడి వాతావరణం కోసం నేటి మధ్యప్రదేశ్‌లోని దేవాస్ పట్టణానికి వెళ్లారు. పాడితే ప్రాణానికే ప్రమాదమని వైద్యులు హెచ్చరించారు. ఇరవై నాలుగేళ్ల గాయకుడు కొన్ని సంవత్సరాలపాటు మౌనంగా మంచం పట్టి ఉండవలసి వచ్చింది. భార్య భానుమతి ఆయనకు సేవ చేశారు.

పాడలేని ఆ కాలంలో ఆయన విన్నారు. మాల్వా ప్రాంతపు జానపద గీతాలు, సాధువులు పాడే కబీరు నిర్గుణ భజనలు ఆయన చెవిన పడ్డాయి. గుణరూపాలు లేని దైవాన్ని గురించి పాడేవి నిర్గుణ భజనలు. అప్పటికి క్షయకు స్ట్రెప్టోమైసిన్ అనే కొత్త మందు వచ్చింది. దానితో ఆయన కోలుకున్నారు. కాని ఒక ఊపిరితిత్తి పనికిరాకుండా పోయింది.

4. గానం మారిన తీరు

1953లో ఆయన మళ్లీ వేదిక ఎక్కారు. ఈసారి ఆయన గానంలో మూడు విశేషాలు కనిపించాయి.

అ) పొడవైన తాన్‌లకు బదులు పొట్టి పొట్టి స్వర సమూహాలను మెరుపులా పలికేవారు.

ఆ) మధ్యలో వచ్చే విరామాన్ని దాచక, దానిని కూడా గానంలో భాగం చేశారు.

ఇ) గొంతెత్తి పలికిన స్వరం మరుక్షణమే గుసగుసంత సన్నగా మారేది.

ఊపిరి తగ్గినందువల్లనే ఈ శైలి వచ్చిందని అనుకోకండి. అది ఒక కారణం మాత్రమే. జానపద గీతాల్లోని పొట్టి వరుసలను శ్రద్ధగా వినడం మరొక కారణం. ఆ వరుసల్లో దాగి ఉన్న రాగాలను గుర్తించి, ఆయన కొత్త రాగాలు రూపొందించారు. మాల్వతి, సంజారి అటువంటివి. తన రచనలను 1965లో 'అనూప్‌రాగవిలాస్' గ్రంథంగా ప్రకటించారు.

ఈ శైలిని అందరూ మెచ్చుకోలేదు. ఆయన ఏ ఒక్క ఘరానాకూ, అంటే గురుశిష్య పరంపరగా వచ్చే గాన సంప్రదాయానికి, కట్టుబడలేదు. ఆయన విలంబిత గానం లోపభూయిష్టమని కొందరు విమర్శించారు. అయినా ఆయన తన మార్గాన్ని విడువలేదు. 1990లో పద్మవిభూషణ్ పురస్కారం అందుకున్నారు. 1992 జనవరి 12న దేవాస్‌లో మరణించారు.

మీలో చాలామంది ఏదో ఒక కారణంవల్ల చదువు మధ్యలో ఆపినవారే. ఆగిపోయిన కాలంలో మీరు చూసినవీ, విన్నవీ, చేసిన పనులూ వృథా కావు. తిరిగి మొదలుపెట్టేటప్పుడు అవి మీకు ఎలా ఉపయోగపడతాయో ఆలోచించండి.

మీ ప్రగతిని తెలుసుకోండి

1. మనోధర్మాన్ని మీ సొంత మాటల్లో వివరించండి.

2. కుమార్ గంధర్వ గానశైలి మారడానికి గల రెండు కారణాలు రాయండి.

3. మీ ఊరిలో ఊడ్పులప్పుడో, పెళ్లిలోనో పాడే ఒక పాటను శ్రద్ధగా వినండి. పాడేవారు ఎక్కడెక్కడ ఊపిరి తీసుకుంటున్నారో గుర్తించండి.