పది తలలు తీసిన కెమెరా

పిల్లలూ, 1961 జనవరిలో 'సీతారామ కళ్యాణం' విడుదలైంది. ఎన్.టి.రామారావు గారు తొలిసారి దర్శకత్వం చేసిన సినిమా. రావణుడి వేషమూ ఆయనదే. కెమెరామన్ రవికాంత్ నగాయిచ్. ఆయనకూ అదే మొదటి సినిమా. పేరు వినగానే మన తెలుగు పేరు కాదని తెలిసిపోతుంది. ఆయన ఉత్తరాది మనిషి.

అందులో రావణుడికి పది తలలు కనిపిస్తాయి, పదీ రామారావు గారి ముఖాలే. అప్పట్లో కంప్యూటర్లు లేవు కదా, ఎలా చేశారు?

నోటుబుక్కు పేజీలో పది గళ్ళు గీసి, తొమ్మిదింటిని నల్ల కాగితంతో మూసి, తెరిచిన గడిలో మాత్రమే బొమ్మ వేయండి. ఆ గడి మూసేసి పక్కది తెరవండి. మాస్కింగ్ అంటే ఇదే. లెన్సు ముందు అడ్డు పెట్టి ఒక తలను తీస్తారు. ఫిల్మును వెనక్కి తిప్పి, అడ్డు జరిపి, అదే ఫిల్ము మీద రెండో తల. ఇలా పదిసార్లు. కెమెరా వెంట్రుకవాసి కదిలినా, నటుడు కాస్త ఒరిగినా అతుకు బయటపడుతుంది. పైగా ఎలా వచ్చిందో అప్పటికప్పుడు చూసుకునే వీలు లేదు. ఫిల్మును ల్యాబులో కడిగాకే తెలిసేది. పదో తల దగ్గర పొరపాటు జరిగితే తొమ్మిది తలల శ్రమా పోయినట్టే! ఇరవై టేకులు తీసి బాగున్నది ఉంచుకునే మన ఫోను కాలానికి ఆ గుండె ధైర్యం ఊహకందదు.

తరువాత 'గులేబకావళి కథ', 'శ్రీకృష్ణ పాండవీయం' వంటి జానపద, పౌరాణిక చిత్రాలకు పనిచేశారు. 1966లో కృష్ణ గారి 'గూఢచారి 116' వచ్చింది. దాన్నే మరుసటి ఏడు హిందీలో 'ఫర్జ్' పేరుతో తీశారు. దర్శకుడు నగాయిచ్. హీరో జితేంద్ర. సినిమా బాగా ఆడింది, జితేంద్ర దశ తిరిగింది. ఆపైన రాజేష్ ఖన్నాతో 'ది ట్రైన్', పిల్లల కోసం 'రానీ ఔర్ లాల్‌పరీ', 1979లో మిథున్ చక్రవర్తి గూఢచారిగా 'సురక్ష' తీశారు. కథల్లో అన్నీ గొప్పవని నేననను. ట్రిక్కులు మాత్రం సరదాగా ఉంటాయి.

"అయితే ఆయన మనవాడా, హిందీవాళ్ళ మనిషా సార్?" అని తరగతిలో ఒకరు అడిగారు. ఇంట్లో తెలుగు, సివిక్ సెంటర్‌లో హిందీ మాట్లాడే మీకే ఇలాంటి ప్రశ్న తడుతుంది. హిందీ దర్శకుడయ్యే ముందు ఆయన పని నేర్చి పేరు తెచ్చుకున్నది తెలుగు సినిమాల్లో. నా లెక్కలో మనవాడే. ఎన్నో ఊళ్ళు మారిన మాస్టారి లెక్క అది, మీరు ఒప్పుకోకపోయినా ఫర్వాలేదు.

సెలవుల్లో ఆ సినిమా చూడండి. పది తలలు కనిపించగానే ఆపి, అతుకు ఎక్కడుందో వెతకండి. దొరికితే నాకూ చూపించండి.