మీగడ నడుమకే ఎందుకు వస్తుంది?

పాల కేంద్రంలో మీగడ తీసే మిషన్ చూసొచ్చిన పదో తరగతి కుర్రాడొకడు క్లాసులో నిలదీశాడు: "సార్, గిన్నె గిర్రున తిరిగితే అన్నీ బయటికే పోవాలి కదా, మరి మీగడ నడుమకెందుకు వస్తోంది?" బరువైనవి బయటికి, తేలికైనవి లోపలికి అని గైడ్లు తేల్చేస్తాయి. అది జవాబు కాదు, ప్రశ్ననే తిరగేసి చెప్పడం.

గుండ్రంగా తిరిగే దేన్నయినా ఏదో ఒకటి కేంద్రం వైపు నెట్టాలి, లేదా లాగాలి. లేకపోతే అది తిన్నగా తన దారిన పోతుంది. కేంద్రం వైపుండే ఆ తోపు లేదా లాగుడే అభికేంద్ర బలం. తిరిగే గిన్నెలో పాలకు ఆ బలాన్నిచ్చేది గోడ. గోడ తన పక్క పొరను నెడుతుంది, ఆ పొర దాని లోపలి పొరను నెడుతుంది. అందుకే అంచున ఒత్తిడి ఎక్కువ, నడుమ తక్కువ. ఈ తేడా పాలకు ఎంత తోపు కావాలో సరిగ్గా అంతే ఇస్తుంది. లీటరు వెన్న తీసిన పాలు దాదాపు 1035 గ్రాములు తూగితే, లీటరు పాలకొవ్వు 920 గ్రాముల దరిదాపుల్లో ఉంటుంది. పాలు ఉండాల్సిన చోట కొవ్వు బిందువు ఉంటే దానికీ అదే తోపు తగులుతుంది. తేలిక కాబట్టి దానికంత అక్కర్లేదు. అవసరానికి మించి నెట్టేసరికి లోపలికి జరుగుతుంది.

నిమిషానికి 6000 చుట్లు తిరిగే గిన్నెలో, ఇరుసుకు 10 సెంటీమీటర్ల దూరాన త్వరణం గురుత్వానికి సుమారు 4000 రెట్లు. కుండలో రాత్రంతా పట్టే పని క్షణాల్లో అయిపోతుంది.

ఈ మిషన్ చరిత్రకొస్తే, 1878కి ముందే జర్మనీలో లెఫెల్ట్ అనే ఆయన పాలను తిప్పి మీగడ తీస్తున్నాడు. కానీ మీగడ తోడుకోవాలంటే మిషన్ ఆపాలి. 1878లో స్వీడన్ ఇంజనీరు గుస్తాఫ్ ద లావల్ ఆపనక్కర్లేని మిషన్ చేశాడు. పాలు పడుతూనే ఉంటాయి, మీగడ ఒక దారిన, మిగిలిన పాలు ఇంకో దారిన వస్తూనే ఉంటాయి. పేరంతా ఆయనకే వచ్చింది. నా ఓటు మాత్రం జర్మనీకి చెందిన బెక్టోల్స్‌హైమ్‌కు. గిన్నెలో శంకువు ఆకారపు పల్చటి రేకులను సన్నటి సందులతో ఒకదానిమీద ఒకటి పేర్చమన్నది ఆయనే. కొవ్వు బిందువు ఇక సెంటీమీటర్లు ఈదనక్కర్లేదు. మిల్లీమీటరుకు లోపే జరిగి కింది రేకును తాకితే చాలు, దాని వెంట ఇరుసు వైపు జారిపోతుంది. లావల్ కంపెనీ ఆ పేటెంటును కొనేసింది.

చేత్తో తిప్పే మిషన్లలో నాకు మరీ ముద్దొచ్చేది పిడికి కట్టిన గంట. నిదానంగా తిప్పితే మోగుతుంది, సరైన వేగం అందుకోగానే ఆగిపోతుంది. లోపల ఉండేది అటూఇటూ జారే చిన్న బరువు, అంతే. పిడి పైకొచ్చినప్పుడు భూమి ఆ బరువును కిందికి, అంటే కేంద్రం వైపే లాగుతుంది. వేగం తక్కువైతే ఆ లాగుడు తిరగడానికి కావలసినదానికంటే ఎక్కువ, కాబట్టి బరువు లోపలికి పడి గంట కొడుతుంది. మీగడ కథే మళ్ళీ! బరువు ఇరుసుకు 25 సెంటీమీటర్ల దూరాన ఉందనుకుని లెక్కేయండి. నిమిషానికి 60 చుట్ల దగ్గర కావలసిన త్వరణం గురుత్వంతో సమానమవుతుంది. ఆపైన బరువు కదలదు, గంట మోగదు. గడియారం లేని పశువుల కొట్టంలో వేగం కొలవడానికి ఇంతకంటే చవకైన సాధనం లేదు.

తర్వాతి చరిత్ర తెలిసిందే. లావల్ తన మిషన్ తిప్పడానికి ఆవిరి టర్బైన్ మీద పడ్డాడు. అందుకోసం చేసిన నాజిల్ ఆకారమే ఇవాళ రాకెట్ ఇంజన్లలో ఉంది. కంపెనీ ఆల్ఫా లావల్ అయింది. మన డెయిరీల్లో గిన్నెలు పెద్దవయ్యాయి, గంటలు పోయాయి. టోన్డ్ పాల ప్యాకెట్ మీద కొవ్వు 3 శాతం అని ఉంటుంది చూడండి. ఆ లెక్క కుదరడానికి కలిపే వెన్న తీసిన పాలు ఈ మిషన్‌లోంచి వచ్చినవే.