లైసెన్సు చూపించమని అడగడం అమర్యాద కాదు



ఈ పత్రికలో ఎప్పుడూ రక్తపోటు, చక్కెర వ్యాధి, పిల్లల టీకాలు వంటి విషయాలు రాస్తూ వచ్చాం. ఈసారి రాసేది జబ్బు గురించి కాదు, జబ్బుతో పాటు వచ్చే కాగితాల గురించి. ఇన్సూరెన్సు సంగతి నర్సులకెందుకు అని కొందరికి అనిపించవచ్చు. మా వార్డులోనే, మా కళ్లెదుటే ఒక కుటుంబం మోసపోయింది. అందులో మా పొరపాటు కూడా ఉంది. అందుకే రాస్తున్నాం.

వార్డులో ఏం జరిగింది?

2024 సెప్టెంబరు మొదట్లో బుడమేరు పొంగి విజయవాడలో సింగ్ నగర్ వైపు వీధులు మునిగిపోయిన సంగతి మీకు తెలుసు. ఆ నీళ్లలో తిరిగిన ఒక కిరాణా కొట్టు యజమాని కాలికి పుండు పడి, చీము పట్టి మన ఆసుపత్రిలో చేరాడు. షుగరు ఉన్న మనిషి. కొట్టులో బియ్యం, పప్పులు, పిండి బస్తాలు, ఫ్రిజ్ అన్నీ నీటిపాలయ్యాయి. బ్యాంకులో లోను తీసుకున్నప్పుడు కొట్టుకు ఇన్సూరెన్సు చేయించి ఉండటం ఒక్కటే ఆ భార్యాభర్తలకు మిగిలిన ధైర్యం. కంపెనీకి ఫోను చేసి నష్టం సంగతి చెప్పారు కూడా.

మూడో రోజు సాయంత్రం ఒకాయన వార్డుకు వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, చేతిలో సంచి, మెడలో ఏదో కార్డు. "ఇన్సూరెన్సు సర్వేయర్‌ని" అన్నాడు. మా ఆయా బెడ్ నంబరు చెప్పి కుర్చీ వేసింది. కేస్ షీటు అడిగితే డ్యూటీలో ఉన్న సిస్టరు చూపించింది. పేరేమిటి, ఎవరు పంపారు అని మాలో ఒక్కరూ అడగలేదు.

"అమ్మా, మీ కొట్టు చూసే వస్తున్నాను. రెండున్నర లక్షలదాకా రాయగలను. ఆఫీసు ఖర్చులకు తొమ్మిది వేలవుతుంది. తడిసిన సరుకు ఇంక ఉంచకండి, పురుగు పడుతుంది" అన్నాడు. ఆమె చెవి దిద్దులు కుదువ పెట్టి డబ్బు తెచ్చి ఇచ్చింది. నాలుగు ఖాళీ కాగితాల మీద సంతకాలు పెట్టింది. మర్నాడే తమ్ముడి చేత సరుకంతా చెత్త బండికి ఎత్తించింది.

రెండు రోజుల తరువాత కంపెనీ పంపిన అసలు సర్వేయర్ వచ్చారు. ఎవరూ అడక్కుండానే తన లైసెన్సు చూపించారు. కడిగి ఆరబెట్టిన కొట్టు చూసి "సరుకేదమ్మా?" అన్నారు. ఆమె దగ్గర జవాబు లేదు. దేవుని దయవలన తమ్ముడు సెల్‌ఫోనులో తీసిన కొన్ని ఫోటోలు, హోల్‌సేల్ కొట్టు బిల్లులు కొన్ని దొరికాయి. వాటితో రుజువైన మేరకే క్లెయిము వచ్చింది. మిగిలింది పోయింది. మొదట వచ్చినవాడి ఫోను మళ్లీ మోగలేదు.

డిశ్చార్జి రోజున ఆమె మాతో అన్న మాట ఇది. "అడగాలనే అనిపించింది సిస్టరమ్మా. పెద్దమనిషిలా ఉన్నాడు. అడిగితే కోపం వచ్చి తక్కువ రాస్తాడేమోనని ఊరుకున్నాను." ఆమెను ముంచింది ఆ భయమే.

అసలు ఈ సర్వేయర్ ఎవరు?

సర్వేయర్ అనగానే మనకు గొలుసు పట్టుకుని పొలం కొలిచే మనిషి గుర్తుకొస్తాడు. ఇన్సూరెన్సు సర్వేయర్ వేరు. పూర్తి పేరు 'సర్వేయర్ అండ్ లాస్ అసెసర్'. ఇల్లు కాలినా, కొట్టు మునిగినా, బండి గుద్దుకున్నా ఆ నష్టం ఎలా జరిగింది, ఎంత జరిగింది, పాలసీ షరతుల లోపల ఉందా అని పరిశీలించి కంపెనీకి రిపోర్టు ఇచ్చేవారు వీరు.

1938 నాటి ఇన్సూరెన్సు చట్టం 64 యు.ఎం. సెక్షను ప్రకారం లైసెన్సు లేనివారు ఇన్సూరెన్సు సర్వేయర్‌గా పని చేయకూడదు. ఆ లైసెన్సు ఇచ్చేది ఐ.ఆర్.డి.ఎ.ఐ., అంటే మన దేశంలో బీమా కంపెనీలన్నిటినీ అదుపులో ఉంచే సంస్థ. 1999 చట్టంతో ఏర్పడిన ఈ సంస్థ ప్రధాన కార్యాలయం మన హైదరాబాదులోనే ఉంది. మోటారు, అగ్ని ప్రమాదం, ఇంజనీరింగ్, ఓడ సరుకు ఇలా విభాగాల వారీగా లైసెన్సు ఇస్తారు. మోటారుకు మాత్రమే లైసెన్సు ఉన్నవారు మీ కొట్టు నష్టాన్ని అంచనా కట్టడానికి రాకూడదు.

నష్టం చిన్నదైతే సర్వేయర్ లేకుండా కంపెనీ ఉద్యోగే వచ్చి చూడవచ్చు. అప్పుడు లైసెన్సు ఉండకపోవచ్చు గాని, కంపెనీ గుర్తింపు కార్డు ఉండాలి. కంపెనీవారు అతను తమ మనిషేనని చెప్పాలి.

ఇలా సరిచూసుకోండి

1. వచ్చినవారిని కూర్చోబెట్టి మంచినీళ్లు ఇచ్చి, పేరు, లైసెన్సు నంబరు, ఏ విభాగానికి, ఏ తేదీ వరకు చెల్లుతుంది అని అడగండి. కాగితం మీద రాసుకోండి. లైసెన్సుకు గడువు ఉంటుంది. గడువు దాటితే చెల్లదు.

2. మీ పాలసీ కాగితం మీద అచ్చువేసి ఉన్న నంబరుకే ఫోను చేయండి. వచ్చిన మనిషి ఇచ్చిన నంబరుకు చేయవద్దు. అది అతని స్నేహితుడి నంబరే కావచ్చు. మీ క్లెయిము నంబరు చెప్పి, "మా క్లెయిముకు ఎవరిని నియమించారు?" అని అడగండి. పేరు మీరు ముందు చెప్పకండి, వాళ్ల చేత చెప్పించండి.

3. ఐ.ఆర్.డి.ఎ.ఐ. వెబ్‌సైటులో లైసెన్సు ఉన్న సర్వేయర్ల వివరాలు చూడవచ్చు. మీకు రాకపోతే ఇంట్లో చదువుకున్న పిల్లల చేత గాని, మీసేవ కేంద్రంలో గాని వెతికించండి. పేరు, నంబరు రెండూ సరిపోవాలి.

4. లైసెన్సు ఒక్కటే ఉంటే చాలదు. మీ క్లెయిముకు ఆయన్ని కంపెనీ నియమించి ఉండాలి. లైసెన్సు ఉన్న మనిషే అయినా, కంపెనీ పంపకుండా వస్తే ఆయనతో మీకు పనిలేదు.

5. డబ్బు అడిగితే అక్కడే ఆగిపోండి. సర్వేయర్ ఫీజు కంపెనీయే ఇస్తుంది. "ఎక్కువ రాస్తాను, అందులో నాకింత" అనేవాడు ముందు మీ చేత అబద్ధం ఆడిస్తాడు, తరువాత ఆ అబద్ధం మీ మెడకే చుట్టుకుంటుంది. లేని నష్టం ఉన్నట్లు చూపితే వచ్చే క్లెయిము కూడా పోవచ్చు.

6. ఖాళీ కాగితం మీద సంతకం గాని, వేలిముద్ర గాని వేయవద్దు. ఒరిజినల్ కాగితాలు ఇవ్వవలసి వస్తే జిరాక్సు దగ్గర పెట్టుకుని, ఇచ్చినట్లు రసీదు రాయించుకోండి.

7. పాడైన వస్తువులు సర్వేయర్ చూసేదాకా పారవేయకండి. కుళ్లి వాసన వేస్తుంటే కంపెనీకి చెప్పి, వాళ్ల అనుమతి రాతపూర్వకంగా తీసుకుని, ఫోటోలు తీసిన తరువాతే తీసివేయండి. ఈ ఒక్క మాట తెలిసి ఉంటే ఆ కొట్టు కుటుంబానికి అంత నష్టం వచ్చేది కాదు.

ఆరోగ్య బీమా విషయం వేరు

ఇక్కడ చాలామంది పొరబడుతున్నారు. మీరు ఆసుపత్రిలో చేరినప్పుడు అయ్యే ఖర్చుల క్లెయిముకు పైన చెప్పిన సర్వేయర్ రాడు. ఆ పని కంపెనీవారే చూస్తారు, లేదా వారి తరఫున టి.పి.ఏ. అనే సంస్థ చూస్తుంది. టి.పి.ఏ.లకు ఐ.ఆర్.డి.ఎ.ఐ. దగ్గర రిజిస్ట్రేషను తప్పనిసరి. ఆ సంస్థల జాబితా కూడా వెబ్‌సైటులో ఉంటుంది. మీ టి.పి.ఏ. ఎవరో సాధారణంగా మీ హెల్త్ కార్డు మీదే ఉంటుంది. కాబట్టి మంచం దగ్గరకు వచ్చి "నేను హెల్త్ ఇన్సూరెన్సు సర్వేయర్‌ని" అని ఎవరైనా అంటే, ఆ మాటలోనే తేడా ఉందని గ్రహించండి. కంపెనీ గాని టి.పి.ఏ. గాని విచారణకు మనిషిని పంపడం ఉంటుంది. అతని దగ్గర గుర్తింపు కార్డు, మీ కేసు చూడమని ఇచ్చిన పత్రం ఉండాలి. అతనికి మీరు పైసా ఇవ్వనక్కరలేదు.

క్యాష్‌లెస్ కోరితే ఒక గంటలోగా, డిశ్చార్జి సమయంలో చివరి అనుమతి మూడు గంటలలోగా కంపెనీ చెప్పాలని 2024లో ఐ.ఆర్.డి.ఎ.ఐ. ఆదేశించింది. "ఫైలు కదలాలంటే ఖర్చవుతుంది" అనే మాట నమ్మవద్దు.

ఓ.టి.పి. ఎవరికీ చెప్పవద్దు. ఐ.ఆర్.డి.ఎ.ఐ. నుంచి మాట్లాడుతున్నాం, మీ పాలసీకి బోనసు వచ్చిందని ఫోను వస్తే అది మోసమే. ఆ సంస్థ అలా ఎవరికీ ఫోను చేయదు.

అడిగితే తప్పేమీ లేదు

మా సిస్టర్లు ప్రతి ఒక్కరికీ నర్సింగ్ కౌన్సిల్ రిజిస్ట్రేషను నంబరు ఉంటుంది. అది లేకుండా మీకు సూది వేసే అధికారం మాకు లేదు. "మీ నంబరు చెప్పండమ్మా" అని మీలో ఎవరు అడిగినా మేము నొచ్చుకోము, చూపిస్తాం. ఎన్నో ఏళ్ల చదువుతో, శ్రమతో సంపాదించుకున్న కాగితం అది. నిజమైన సర్వేయర్ కూడా అంతే. అడిగితే కోపగించుకునేవాడు, తొందరపెట్టేవాడు, "ఇవాళ సంతకం పెట్టకపోతే క్లెయిము పోతుంది" అని బెదిరించేవాడు, వీళ్లతోనే జాగ్రత్త.

అపొస్తలుల కార్యములు 17వ అధ్యాయంలో బెరయవారి సంగతి మనం చదువుకున్నాం. బోధించినవాడు పౌలంతటివాడైనా, ఆ మాటలు నిజమో కాదో వారు ప్రతిదినము లేఖనాలలో పరిశోధించారు. పౌలు దాన్ని అవమానంగా తీసుకోలేదు. లేఖనం వారిని మెచ్చుకుంది. పౌలు మాటనే సరిచూసినవారు ఉండగా, సంచి పట్టుకుని వచ్చిన కొత్త మనిషి మాట సరిచూడటానికి మనకెందుకు సంకోచం?

ఇప్పటికే మోసపోయి ఉంటే

సిగ్గుపడి దాచుకోకండి. ఖాళీ కాగితాల మీద సంతకం పెట్టి ఉంటే ఆ సంగతి వెంటనే కంపెనీకి రాతపూర్వకంగా తెలపండి. పోలీసు స్టేషనులో ఫిర్యాదు ఇవ్వండి. డబ్బు ఫోను ద్వారా పోయి ఉంటే ఆలస్యం చేయక 1930కి ఫోను చేయండి.

కంపెనీ మీద ఫిర్యాదు ఉంటే ముందు కంపెనీకే రాయండి. జవాబు తృప్తిగా లేకపోతే ఐ.ఆర్.డి.ఎ.ఐ. వారి 155255 నంబరుకు చెప్పవచ్చు. నెల రోజులలో కంపెనీ జవాబివ్వకపోయినా, కాదన్నా ఇన్సూరెన్సు అంబుడ్స్‌మన్‌కు రాయవచ్చు. ఆంధ్రప్రదేశ్, తెలంగాణలకు ఆ కార్యాలయం హైదరాబాదులో ఉంది. వకీలు అక్కరలేదు, ఫీజు లేదు. కంపెనీ జవాబు వచ్చిన ఏడాదిలోగా రాయాలి.

మా ఆసుపత్రిలో చేసిన మార్పు

ఆ సంఘటన తరువాత మేము కూర్చుని మాట్లాడుకున్నాం. ఇప్పుడు ఇన్సూరెన్సు పేరుతో ఎవరు వచ్చినా ముందు బిల్లింగ్ కౌంటరు దగ్గర రిజిస్టరులో పేరు, కంపెనీ, ఫోను నంబరు రాయాలి. కౌంటరువారు కంపెనీకి ఫోను చేసి నిజమని తేలిన తరువాతే లోపలికి పంపుతారు. రోగి రాతపూర్వకంగా ఒప్పుకోకుండా కేస్ షీటు ఎవరికీ చూపించము. ఆ రోజు కుర్చీ వేసిన ఆయమ్మే ఇప్పుడు అందరికంటే ముందు "ఎవరు బాబూ మీరు, కౌంటరులో రాశారా?" అని అడుగుతోంది.

ఆ కుటుంబాన్ని మేము క్షమాపణ అడిగాం. ఆమె చెవి దిద్దులు విడిపించుకుంది, కొట్టు మళ్లీ తెరిచింది. వారి కోసం ప్రార్థించండి. ఈ పేజీ చదివాక మీ ఇంట్లో ఉన్న పాలసీ కాగితం ఒకసారి బయటకు తీసి, దానిమీద ఉన్న కంపెనీ ఫోను నంబరు గోడ మీద క్యాలెండరులో రాసి పెట్టుకోండి. అవసరం వచ్చిన రోజున వెతుక్కోనక్కరలేదు.

ప్రభువు మిమ్మును, మీ ఇంటివారిని కాపాడును గాక.