మా తరగతిలో కప్పల తక్కెడ

“కప్పల తక్కెడ” అనే మాట మీరు విన్నారా? తక్కెడ అంటే త్రాసు. కప్పలను త్రాసులో పెట్టి తూచబోతే, ఒకదాన్ని పెట్టేలోపు ఇంకొకటి గెంతిపోతుంది. తూకం ఎప్పటికీ కుదరదు. అందుకే నిలకడ లేని గుంపును కప్పల తక్కెడ అంటారు. డర్బన్‌లో మా గుడి బడిలో ఈ మాట నేర్చుకున్నప్పుడు నాకు పన్నెండేళ్లు. ఎప్పుడో ఒకరోజు నిజంగానే కప్పను తూస్తానని, అది కూడా ఖతార్ ఎడారిలో తూస్తానని అప్పుడు అనుకోలేదు.

నేను దోహాలో ఒక బడిలో చిన్నపిల్లలకు సైన్సు చెబుతాను. మూడేళ్ల క్రితం ఒక కుటుంబం ఉద్యోగం ముగిసి ఖతార్ వదిలి వెళ్లిపోతూ, తమ కప్పను మా తరగతికి ఇచ్చింది. ఇక్కడ ఇది మామూలే. అందరూ ఒప్పందం మీద వస్తారు, ఒప్పందం అయిపోగానే వెళ్తారు. మంచాలు, మొక్కలు, పిల్లులు చేతులు మారుతూ ఉంటాయి. మాకు కప్ప వచ్చింది. పచ్చగా, గుండ్రంగా, కదలకుండా కూర్చుంది. పిల్లలు దానికి లడ్డు అని పేరు పెట్టారు. ఆ పేరే మాకు ఒక హెచ్చరిక కావాల్సింది. మేము గమనించలేదు.

లడ్డు ఆస్ట్రేలియా చెట్టుకప్ప. ఇంగ్లీషులో వైట్స్ ట్రీ ఫ్రాగ్ అంటారు. ఉత్తర ఆస్ట్రేలియాలోనూ న్యూగినీలోనూ ఉంటుంది. ఆడకప్ప 10 సెంటీమీటర్ల వరకు పెరుగుతుంది. బాగా చూసుకుంటే 15 ఏళ్లకు పైగా బతుకుతుంది. మనిషి చేతికి తొందరగా అలవాటు పడుతుంది. పగలంతా నిద్రపోతుంది, రాత్రి వేటాడుతుంది. ఇంకొక గుణం ఉంది. ముందు ఏది కదిలినా నోరు తెరుస్తుంది. “చాలు” అనడం దానికి తెలియదు.

ప్రేమతో పెట్టిన బరువు

మా తరగతి గదిని మూడు తరగతుల పిల్లలు వాడతారు. ప్రతి తరగతీ “లడ్డుకు మేమే పెట్టాలి” అనుకుంది. పొద్దున ఒక పాప రెండు కీచురాళ్లు వేసేది. మధ్యాహ్నం ఇంకొక బాబు చిమటాతో లావు పురుగులు పట్టి నోటికి అందించేవాడు. సాయంత్రం గది తుడిచే అన్న కూడా “పాపం, ఆకలిగా ఉందేమో” అని ఒకటి వేసేవాడు. నేనూ తక్కువ కాదు. ఇంటికి వెళ్లేముందు నా వంతు నేను పెట్టేదాన్ని. ఎవరు ఎంత పెట్టారో ఎవరూ రాయలేదు.

మా తరగతిలో జగిత్యాల దగ్గరి ఊరి నుంచి వచ్చిన ఒక అమ్మాయి ఉండేది. ఆ అమ్మాయితో నేను తెలుగులో మాట్లాడేదాన్ని. ఒకరోజు తను గాజు పెట్టె దగ్గర చాలాసేపు నిలబడి, “టీచర్, లడ్డుకి కళ్ల మీద కొండలొచ్చినయ్” అంది.

నేను వంగి చూశాను. నిజమే. ఈ జాతి కప్పకు కంటి వెనక నుంచి చెవి పొర మీదుగా ఒక చర్మపు గట్టు ఉంటుంది. ఆరోగ్యంగా ఉన్న కప్పకు ఆ గట్టు చిన్నగా, నున్నగా కనిపిస్తుంది. కప్ప సన్నబడితే గట్టు దాదాపు కనిపించదు. కొవ్వు ఎక్కువైతే గట్టు ఉబ్బి, మడతపడి, చెవి పొర మీదకు, కళ్ల మీదకు వాలుతుంది. మా లడ్డుకు చెవులు కనిపించడం లేదు. కళ్లు సగం మూసుకుపోయాయి. కొమ్మ ఎక్కడం ఎప్పుడు మానేసిందో మాలో ఎవరికీ గుర్తు లేదు.

కప్పలను కూడా చూసే ఒక పశువైద్యురాలి దగ్గరకు తీసుకెళ్లాను. ఆమె లడ్డును తూచారు. 104 గ్రాములు. “ఇది బలం కాదు, జబ్బు” అన్నారు. కొవ్వు ఎక్కువైన కప్పకు కాలేయం పాడవచ్చు. కంటి మీద కొవ్వు పేరుకుని తెల్లని పొర కూడా రావచ్చు. “ఎవరు తిండి పెడుతున్నారు?” అని ఆమె అడిగారు. “అందరం” అన్నాను. ఆ మాట చెప్పడానికి సిగ్గుపడ్డాను.

డేగల దగ్గర నేర్చుకున్న పాఠం

దోహా పాత బజారు సూక్ వాకిఫ్‌లో డేగలకు వేరే సంత ఉంది. డేగలకు అక్కడ ఒక ఆసుపత్రి కూడా ఉంది. డేగలతో వేటాడడం ఇక్కడి పాత కళ. యునెస్కో 2010లో ఈ కళను తన వారసత్వ జాబితాలో చేర్చినప్పుడు, దాన్ని ప్రతిపాదించిన దేశాల్లో ఖతార్ ఒకటి. డేగను పెంచేవాళ్లు దాన్ని రోజూ తూస్తారు. బరువు ఎక్కువైతే అది వేటకు పోదు, పిలిస్తే రాదు. తక్కువైతే బలం పోతుంది. కొన్ని గ్రాముల తేడా కూడా వాళ్లకు ముఖ్యమే. తూచడం వాళ్లకు కఠినత్వం కాదు, శ్రద్ధ.

ఒక వారాంతం అక్కడ నడుస్తూ, వాళ్లకు డేగ ఎలాగో మాకు లడ్డు అలాగే అనుకున్నాను. మరుసటి ఆదివారం వంటింటి డిజిటల్ త్రాసును బడికి తీసుకెళ్లాను. ఇక్కడ మా వారం ఆదివారం మొదలవుతుంది.

మేము తూచే పద్ధతి ఇది. మూత ఉన్న చిన్న ప్లాస్టిక్ డబ్బాలో తడి కాగితం వేస్తాం. ఖాళీ డబ్బాను త్రాసు మీద పెట్టి సున్నా నొక్కుతాం. తరువాత కప్పను డబ్బాలో కూర్చోబెట్టి మూత పెడతాం. మూత లేకపోతే సామెత నిజమవుతుంది! కప్పను పట్టుకునే ముందు చేతులు కడిగి, సబ్బు అంతా పోయేదాకా మంచి నీళ్లతో తడుపుకోవాలి. కప్ప చర్మం అన్నిటినీ పీల్చుకుంటుంది. సబ్బు, క్రీము దానికి విషం లాంటివి. పట్టుకున్న తరువాత కూడా చేతులు కడుక్కోవాలి, ఇది మన ఆరోగ్యం కోసం.

వారానికి ఒకసారి, అదే రోజు, తిండికి ముందే తూచాలి. కప్ప తన మూత్రసంచిలో చాలా నీరు దాచుకుంటుంది. భయపడితే ఆ నీరంతా ఒక్కసారి వదిలేస్తుంది. అప్పుడు బరువు ఉన్నట్టుండి తగ్గినట్టు కనిపిస్తుంది. అందుకే ఒక్క తూకాన్ని నమ్మకూడదు. నాలుగైదు వారాల అంకెలను పక్కపక్కన రాసి చూడాలి. మా పిల్లలు గోడ మీద గ్రాఫు గీశారు. లెక్కల పాఠం కూడా అయింది.

ఎంత, ఏమి, ఎప్పుడు

వైద్యురాలు తిండిని ఒక్కసారిగా ఆపవద్దన్నారు. మెల్లగా తగ్గించమన్నారు. పెరిగే చిన్న కప్పకు దాదాపు రోజూ తిండి కావాలి. పెద్దదానికి వారానికి రెండు మూడుసార్లు చాలు. లడ్డుకు ఆదివారం, బుధవారం అని రాసుకున్నాం. ప్రతిసారీ నాలుగు కీచురాళ్లు. కప్ప తల వెడల్పు కంటే పెద్ద పురుగు పెట్టకూడదు. లావు పురుగులు, అంటే మైనపు పురుగుల లాంటివి, మనకు మిఠాయి ఎలాగో కప్పకు అలాగు. ఎప్పుడో ఒకసారి పెట్టాలి. చిన్న ఎలుక పిల్లలను పెట్టేవాళ్లూ ఉన్నారు. కొవ్వు వేగంగా పెరిగేది వాటితోనే.

కీచురాళ్లకు ముందు మనం క్యారెట్టు, ఆకుకూర పెట్టాలి. అవి తిన్నదే కప్ప కడుపులోకి వెళ్తుంది. వాటి మీద కాల్షియం పొడి, విటమిన్ డి3 చల్లాలి. బయట పట్టిన పురుగులు వద్దు. ఇక్కడ ఇళ్ల చుట్టూ తరచుగా పురుగుల మందు కొడతారు.

చిమటాతో నోటికి అందించడం మానేశాం. పెట్టెలో ఎత్తుగా కొమ్మలు పెట్టాం. సాయంత్రం కీచురాళ్లను వేరువేరు మూలల్లో వదిలాం. లడ్డు వాటి కోసం కదలాలి, ఎక్కాలి, దూకాలి. మిగిలిన పురుగులను పొద్దున తీసేయాలి, లేకపోతే అవి కప్పను కొరుకుతాయి.

ఎయిర్‌ కండిషనర్ సంగతి మరచిపోకండి. దోహాలో ఎండాకాలం బయట 40 డిగ్రీలు దాటుతుంది, లోపల మనం స్వెట్టరు వేసుకుంటాం! చలిలో కప్పకు తిండి అరగదు. గాలి పొడిబారితే చర్మం ఎండుతుంది. పగలు పెట్టెలో 25 నుంచి 29 డిగ్రీల వేడి ఉండేలా చూస్తాం. నీళ్లు చల్లుతాం. కప్ప నోటితో నీళ్లు తాగదు, పొట్ట కింది చర్మంతో పీల్చుకుంటుంది. కాబట్టి గిన్నెలో క్లోరిన్ తీసిన శుభ్రమైన నీళ్లు రోజూ మార్చాలి.

ఒక జాగ్రత్త. ఉబ్బిన ప్రతి కప్పా లావు కప్ప కాదు. ఆడకప్ప కడుపులో గుడ్లు ఉండవచ్చు. ఒకటి రెండు రోజుల్లోనే నీటి సంచిలా ఉబ్బితే అది జబ్బు, వెంటనే వైద్యుడికి చూపించాలి. నడుము ఎముకలు పైకి కనిపిస్తే కప్ప మరీ సన్నబడిందని అర్థం.

కొలత కూడా ప్రేమే

మొదటి నెల కష్టమైంది. లడ్డు గాజు దగ్గరకు వచ్చి మా వైపు చూసేది. పిల్లల కళ్లలో నీళ్లు. అది రంజాన్ నెల. “టీచర్, లడ్డు కూడా ఉపవాసమా?” అని ఒక బాబు అడిగాడు. తను ఆ ఏడాదే మొదటిసారి సగం రోజు ఉపవాసం ఉన్నాడు. ఆ తరువాత దొంగతనంగా పురుగు వేయబోయిన పిల్లలను తనే ఆపేవాడు.

నాకు మా అవ్వ గుర్తొచ్చింది. మావాళ్లు నాటాల్ చెరకు తోటలకు ఐదేళ్ల ఒప్పందం మీద వెళ్లినవాళ్లు. అక్కడ బియ్యం, పప్పు, ఉప్పు, ఎండుచేప అన్నీ కొలిచి ఇచ్చేవారు. కొలిచేది ఇంకొకరి చెయ్యి. అందుకే కాబోలు, అవ్వ ఇంట్లో కొలత ఉండేది కాదు. “తిను, ఇంకొంచెం తిను” అనడమే ఆమెకు ప్రేమ. వద్దంటే బాధపడేది. మా నాన్నకు షుగర్ వచ్చినప్పుడు కూడా ఆమె దాచి మిఠాయి పెట్టేది. నాన్న కాదనలేదు. కాలి వేళ్లు పోయిన తరువాత కూడా కాదనలేదు. ఆ ఇంట్లో ఎవరూ చెడ్డవాళ్లు కారు. నేను లడ్డుకు చేసింది కూడా అదే.

జగిత్యాల అమ్మాయి ఒకరోజు కప్పతల్లి గురించి చెప్పింది. వానలు పడకపోతే వాళ్ల ఊళ్లలో పిల్లలు రోకలికి కప్పను కట్టి, వేపాకు చుట్టి, ఇంటింటికీ తిరుగుతారట. ఆడవాళ్లు దాని మీద నీళ్లు పోస్తారట. నేను గుడి బడిలో ఇది నేర్చుకోలేదు. దోహాలో సగటున ఏడాదికి 100 మిల్లీమీటర్ల వాన కూడా పడదు. “కప్ప మీద నీళ్లు చల్లేది మనమే కదా టీచర్, మరి వాన ఎందుకు రాదు?” అని తను అడిగింది. నా దగ్గర జవాబు లేదు.

ఏడు నెలలు పట్టింది. ఇప్పుడు లడ్డు 86 గ్రాములు. చెవి పొర మళ్లీ కనిపిస్తోంది. రాత్రి పై కొమ్మ మీదకు ఎక్కుతోంది. పొద్దున వచ్చేసరికి గాజు మీద దాని వేళ్ల గుర్తులు ఉంటాయి.

జగిత్యాల అమ్మాయి కుటుంబం ఈ జూన్‌లో ఇంటికి వెళ్లిపోయింది, నాన్న ఒప్పందం అయిపోయింది. వెళ్లేముందు తను తూకాల పుస్తకంలో చివరి అంకె రాసి, కింద తెలుగులో ఒక వాక్యం రాసింది: “ఆదివారం, బుధవారం మాత్రమే. నాలుగే. మరచిపోకండి.” ఆ పేజీని గాజు పెట్టె మీద అంటించాను. కొత్త పిల్లలకు తెలుగు రాదు. అర్థం నేను చెబుతాను.