తప్పు ఒప్పుకున్నాకే తీర్థం

చిత్తూరు పక్క పల్లెల్లో తగాదా ముదిరితే వినిపించే మాట ఒకటుంది: ‘కాణిపాకం పోదాం పా. నీళ్లు పోసుకోని ప్రమాణం చెయ్.’ గట్టు జరిగిందా, అప్పు తీరిందా, నగ ఎవరు తీశారు అన్నవాటిలో సగం తగాదాలు ఆ మాటతోనే తేలిపోతాయి. అబద్ధమాడినవాడు బస్సెక్కడు. కోనేట్లో మునిగి తడిబట్టలతో వరసిద్ధి వినాయకుడి ముందు నిలబడేదాకా వస్తే దబాయింపు నడవదని ఇక్కడి నమ్మకం. ఈ మధ్య రాజకీయ నాయకులు టీవీ కెమెరాల ముందు ఒకరినొకరు కాణిపాకానికి రమ్మని సవాళ్లు విసురుకుంటున్నారు. ప్రమాణానికి అంతకన్నా చవకబారు వాడకం లేదు.

వచ్చిన భక్తులు చాలామంది వినాయకుణ్ణి చూసుకుని తిరుగుముఖం పడతారు. ఊరి అసలు కథ మాత్రం చుట్టూ ఉన్న గుళ్లలోనూ, పక్కన పారే బాహుదా నదిలోనూ ఉంది. నేను విన్న ప్రతి స్థల పురాణమూ ఒక దెబ్బతోనో, నేరంతోనో మొదలవుతుంది. మూగ, చెవిటి, గుడ్డివాళ్లయిన ముగ్గురు అన్నదమ్ములు ఎండిన బావి తవ్వుతుంటే పనిముట్టు రాయికి తగిలి నెత్తురు చిమ్మింది. వినాయకుడు బయటపడింది అలాగే. మణికంఠేశ్వరాలయాన్ని కులోత్తుంగ చోళుడు బ్రహ్మహత్యా పాపం పోగొట్టుకోవడానికి కట్టించాడంటారు. చాలాచోట్ల ఆ కట్టడం 11వ శతాబ్ది మొదట్లోదని రాస్తున్నారు గానీ మొదటి కులోత్తుంగుడు గద్దెనెక్కిందే 1070లో. వరదరాజస్వామి గుడి కట్టించినవాడు జనమేజయుడని చెప్పుకుంటారు.

ఆ పేరు దగ్గర కాస్త ఆగాలి. జనమేజయుడు అర్జునుడికి మునిమనవడు. ఖాండవ వనం కాలిన నాడు రాజుకున్న పగ కురుక్షేత్రంతో చల్లారలేదు. తక్షకుడి కాటుకు పరీక్షిత్తు పోయాడు, కొడుకు జనమేజయుడు పాముల కులాన్నే అగ్నిలో వేయడానికి పూనుకున్నాడు. తల్లి వైపు నాగజాతి వాడైన ఆస్తీకుడు వచ్చి అడిగితే ఆ యాగం ఆగింది. వైశంపాయనుడు మహాభారతం మొత్తం వినిపించింది ఆ యాగశాలలోనే. తాతల యుద్ధంలో ఎవరేం పోగొట్టుకున్నారో పూర్తిగా విన్న చెవులకే ‘ఇక చాలు’ అన్న మాట ఎక్కింది.

బాహుదా కథ ఇంకా సూటిగా ఉంటుంది. శంఖలిఖితులు అన్నదమ్ములు. ఆకలికి ఆగలేక లిఖితుడు రాజు తోటలో మామిడిపండు కోసుకు తిన్నాడు. అన్న అది దొంగతనమన్నాడు. రాజు చేతులు నరికించాడు. ఈ ఏట్లో మునగగానే చేతులు తిరిగి వచ్చాయని, అందుకే ఇది బాహుదా అయిందని స్థల పురాణం. భారతంలో కథ కొంచెం వేరు. అక్కడ తిన్నది అన్న ఆశ్రమంలోని పళ్లు. సుద్యుమ్న మహారాజు క్షమిస్తానన్నా వినక లిఖితుడే శిక్ష అడిగి తీసుకుంటాడు. చేతులు వచ్చాక అన్నను నిలదీస్తాడు: ఇంత తపశ్శక్తి ఉన్నవాడివి, ముందే నన్ను శుద్ధి చేయలేకపోయావా? దండించడం తన పని కాదు, రాజుదంటాడు శంఖుడు.

ఈ కథ వ్యాసుడు చెప్పింది ఎవరికో తెలుసా? యుద్ధం గెలిచి, బంధువుల చావులు తలుచుకుని రాజ్యం వద్దంటున్న ధర్మరాజుకి, శాంతిపర్వంలో. ఏడుస్తూ అడవికి పోతే చచ్చినవాళ్లకు న్యాయం జరగదు, సింహాసనం మీద కూర్చుని తప్పొప్పులు తేల్చాలన్నది వ్యాసుడి ఉద్దేశం. దక్షిణాఫ్రికాలో వర్ణవివక్ష ముగిశాక 1996లో డెస్మండ్ టుటు అధ్యక్షతన విచారణలు మొదలుపెట్టిన సత్య, సమన్వయ సంఘం ముందు ఉన్నదీ ఇలాంటి చిక్కే. చేసింది పూర్తిగా బయటపెడితే క్షమాభిక్ష పెట్టవచ్చన్నారు. శిక్ష లేని ఒప్పుకోలు చాలదని బాధితుల కుటుంబాలు కొన్ని కోర్టుకెక్కాయి. లిఖితుడైతే ఆ కుటుంబాల పక్కనే నిలబడేవాడేమో.

చిత్తూరు పల్లెలు ఇంకా కురుక్షేత్రాన్నే తలుచుకుంటున్నది ఈ జిల్లాకు సొంత యుద్ధాలు లేక కాదు. 1780లో హైదర్ అలీ కర్ణాటక సీమ మీద పడ్డప్పుడు ఊళ్లకు ఊళ్లు ఖాళీ అయ్యాయి. అతను చనిపోయిందీ చిత్తూరు దగ్గర నరసింగరాయనిపేట విడిదిలోనే, 1782 డిసెంబరు 7న. ఆ సంగతి ఇప్పుడు చరిత్ర పుస్తకాల్లో తప్ప జనం నోట వినపడడం అరుదు. కురుక్షేత్రాన్ని మాత్రం ధర్మరాజుల గుళ్ల దగ్గర ఏటా మళ్లీ జరుపుతారు. పగలు హరికథ, రాత్రి వీధినాటకం. అర్జునుడి వేషగాడు తపస్సుకని పొడవాటి మాను ఎక్కే తపసుమాను నాడు పిల్లలు లేని ఆడవాళ్లు తడిచీరలతో దాని కింద సాష్టాంగపడతారు. నేల మీద మట్టితో మలిచిన దుర్యోధనుడి తొడను భీముడు పగలగొట్టాక సాయంత్రం అగ్నిగుండం. మర్నాడు ధర్మరాజుల పట్టాభిషేకం జరిగాక గానీ భారతం అయిపోయిందనుకోరు. గెలుపు దగ్గర ఆపేస్తే కథ సగమేనని ఈ పల్లెలకు ఎవరూ నేర్పనక్కర్లేదు.

కాణిపాకం చిత్తూరుకు పన్నెండు కిలోమీటర్ల లోపు, తిరుపతికి సుమారు డెబ్బై. 2022 ఆగస్టులో కొత్తగా కట్టిన ఆలయానికి కుంభాభిషేకం జరిగింది. వినాయక చవితి నుంచి 21 రోజులు బ్రహ్మోత్సవాలు, అప్పుడు వెళ్తే కాలు పెట్టే సందుండదు. మామూలు రోజున వెళ్లి, వినాయకుడి దర్శనం కాగానే వెనుదిరగకుండా మణికంఠేశ్వరుడి గుడి, వరదరాజస్వామి గుడి కూడా చూసిరండి. అక్కడ క్యూ ఉండదు.