మిత్రిల్ – కథలో దొరికే వెండి



ఈసారి గోడపత్రికకు ఒక ఖనిజం గురించి రాయమని సైన్సు మేడం చెప్పారు. ఇనుము, బొగ్గు, మైకా అన్నీ మిగతావాళ్లు తీసేసుకున్నారు. అందుకని నేను ఏ భూమిలోనూ దొరకని ఖనిజం గురించి రాస్తున్నాను. నవ్వకండి, చివరిదాకా చదవండి.

1. మిత్రిల్ అనగా ఏమి?

ఇంగ్లండులో జె.ఆర్.ఆర్. టోల్కీన్ (1892–1973) అనే రచయిత ఉండేవారు. ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీలో ప్రొఫెసర్. ఆయన మిడిల్ ఎర్త్ అనే లోకాన్ని కల్పించారు. దానికి మ్యాపులు, భాషలు, రాజుల కాలాలు కూడా ఆయనే తయారుచేశారు. ఆ లోకం కథలు ‘ది హాబిట్’ (1937), ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ (1954, 1955) అనే పుస్తకాలలో ఉన్నాయి. మన ఇంగ్లీషు మేడం స్టడీ అవర్ అయ్యాక రోజుకు కొంచెం చొప్పున మాకు తెలుగులో చెప్పారు. మిత్రిల్ ఆ లోకంలోని లోహం.

2. దాని గుణములు

రాగిలాగా సుత్తితో కొట్టి సాగదీయవచ్చును. అద్దంలాగా మెరుగు పెట్టవచ్చును. ఉక్కు కన్నా గట్టిది, కానీ బరువు తక్కువ. వెండిలాగా ఉంటుంది గానీ వెండిలాగా నల్లబడదు. ఎల్ఫ్‌లు అనే జాతివారు దీనితో ఇథిల్డిన్ అనే పదార్థం చేసేవారు. దానితో తలుపు మీద గీసిన బొమ్మ పగలు కనబడదు, వెన్నెలలో, చుక్కల వెలుగులో మాత్రమే కనబడుతుంది.

మిత్రిల్ అనేది ఎల్ఫ్‌లు పెట్టిన పేరు. దాన్ని తవ్విన డ్వార్ఫ్‌లకు (వాళ్లు కొండ లోపల ఉండే పొట్టి మనుషులు) తమ భాషలో వేరే పేరు ఉన్నది. ఆ పేరు వాళ్లు బయటివాళ్లకి చెప్పరు. పుస్తకంలో కూడా రాయలేదు. నాకు ఇది చాలా నచ్చింది.

3. ఎక్కడ దొరుకును? ఎందుకు అరుదు?

కథలో గాండాల్ఫ్ అనే ముసలి మంత్రగాడు ఉన్నాడు. మిత్రిల్ దొరికేది మోరియా అనే కొండ కింద మాత్రమే అని ఆయన చెబుతాడు. డ్వార్ఫ్‌ల పెద్ద ఊరు ఆ కొండ లోపలే. దీని ధర ఒకప్పుడు బంగారం ధరకి పది రెట్లు. ధర పెరిగిన కొద్దీ వాళ్లు ఇంకా లోతుకి తవ్వారు. అడుగున బాల్రోగ్ అనే నిప్పు భూతం నిద్రపోతున్నది. తవ్వుడికి అది లేచింది. కథ లెక్క ప్రకారం మూడవ యుగం 1980వ సంవత్సరంలో అది వాళ్ల రాజుని చంపింది, మరుసటి ఏడు ఆయన కొడుకుని చంపింది. మిగిలినవాళ్లు ఊరు వదిలి పారిపోయారు. గని మూతబడింది కాబట్టి ఉన్న కొంచెం మిత్రిల్‌కి ఇక ధర కట్టలేకపోయారు. చూడండి, ఊరు పోయింది, ధర మాత్రం పెరిగింది.

4. మిత్రిల్ చొక్కా

హాబిట్ అనే చిన్న మనుషులలో బిల్బోకి డ్వార్ఫ్‌లు ఒక మిత్రిల్ చొక్కా ఇచ్చారు. చిన్న చిన్న రింగులు అల్లి చేసినది. 1937లో వచ్చిన పుస్తకంలో అది వెండి రంగు ఉక్కు చొక్కా. తరువాత టోల్కీనే మార్చి మిత్రిల్ అని రాశారు. బిల్బో దాన్ని ఫ్రోడోకి ఇచ్చాడు. మోరియాలో ఫ్రోడోకి బల్లెం పోటు తగిలినా ఈ చొక్కా వల్లనే బ్రతికాడు.

అంతకుముందే గాండాల్ఫ్ ఒక మాట చెబుతాడు. ఈ ఒక్క చొక్కా ఖరీదు హాబిట్ల దేశం, అందులో ఉన్నదంతా కలిపిన దానికన్నా ఎక్కువ అని. అది విని మేమందరం “అమ్మో!” అన్నాం. ఫ్రోడో కూడా ఆశ్చర్యపోయాడు. కానీ సంతోషపడలేదు. ఇంటి దగ్గర గడ్డి కోసుకుంటూ, పూల మొక్కలు చూసుకుంటూ ఉంటే ఎంత బాగుండేది, మోరియా పేరు, మిత్రిల్ పేరు వినకపోతే ఎంత బాగుండేది అనుకున్నాడు.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఎందుకో చెబుతాను.

5. మన సత్తు

6వ తరగతి చెల్లి ఒకతె “అక్కా, మిత్రిల్ అంటే సత్తేనా?” అని అడిగింది. కాదు. కానీ మంచి ప్రశ్న. సత్తు అనగా అల్యూమినియం. అది కూడా తెల్లగా, తేలికగా ఉంటుంది, తుప్పు పట్టదు. కానీ మెత్తన, మన గిన్నెలకి ఎన్ని సొట్టలో చూడండి. ఒకప్పుడు సత్తు కూడా చాలా ఖరీదు. 1886లో హాల్, హెరూల్ట్ అనే ఇద్దరు వేరు వేరు దేశాలలో కరెంటుతో దాన్ని తీసే పద్ధతి కనిపెట్టాక చవక అయింది. ఒక టన్ను సత్తుకి సుమారు 4 టన్నుల బాక్సైటు కావాలి. ఆ బాక్సైటు మన ఏజెన్సీ కొండల మీద ఉన్నది.

నేను 6వ తరగతిలో ఉన్నప్పుడు కొందరు మా ఊరు వచ్చి కొండ మీద రాళ్లు చూసి పోయారు. ఆ రాత్రి ఇంట్లో కొండకి ఎంత ఇస్తారు అని మాట్లాడుకున్నారు. మా ఇంట్లో చదువుకున్నది నేనొక్కదాన్నే. “నువ్వు సదువుతున్నావు గదా, లెక్క కట్టు” అన్నాడు మా నాయన. నోటుబుక్కు తీశాను. చోళ్లు ఇంత, పిప్పళ్లు ఇంత, కాఫీ ఇంత, అడ్డాకులు ఇంత అని వరసగా రాశాను. గెడ్డ నీళ్లు అని రాసి ఆగిపోయాను. దానికి ఎదురుగా ఎంత వేయాలో తెలియలేదు. ఆ పేజీ ఇప్పటికీ అలాగే ఉన్నది. లెక్క రానందుకు నాకు అప్పుడు సిగ్గేసింది.

ఫ్రోడో మాట విన్నాక సిగ్గు పోయింది. చొక్కాకి ధర చెప్పవచ్చును. ఇంటికి చెప్పలేం. నాకు లెక్క రాక కాదు, అది లెక్కకి రాదు.

షెడ్యూల్డు ప్రాంతంలో గనుల కోసం ప్రైవేటు కంపెనీలకు భూమి లీజుకి ఇవ్వకూడదని సుప్రీంకోర్టు 1997లో తీర్పు చెప్పిందని సోషల్ సార్ చెప్పారు. దాన్ని సమత తీర్పు అంటారు. ఒడిశాలో నియంగిరి కొండ బాక్సైటు గురించి 2013లో 12 ఊళ్లలో గ్రామసభలు పెట్టి అడిగారు. 12 ఊళ్లూ వద్దన్నాయి. అక్కడివాళ్లది కువి భాష. మా ఇంట్లో మాట్లాడేదీ అదే.

చివరగా ఒక పని. మీ ఊరి కొండకి మీ భాషలో ఏం పేరో ఇంటికి వెళ్లినప్పుడు అడగండి. మా కొండ పేరు మ్యాపులో ఒకటి, మా తాత నోట్లో ఇంకొకటి. ఈ కాగితం కింద ఖాళీ వదిలాను, పెన్సిలుతో పేరు రాయండి. చెప్పకూడదు అని పెద్దవాళ్లు అంటే రాయకండి. డ్వార్ఫ్‌లలాగా మనం కూడా దాచుకుందాం.

తప్పులుంటే మన్నించగలరు.

ఇట్లు,
9వ తరగతి విద్యార్థిని