ముత్యం పడిన గడియకుడుక

మాయ గడియారాల కథలు మనకు కొత్తేం కాదు. గడియారం ఆగితే రాజ్యం ఆగిపోతుంది, ముల్లు వెనక్కి తిప్పితే చచ్చినవాడు లేచి కూర్చుంటాడు. అలాంటిదే ఒకటి మన దేశంలో ఒక పెళ్ళింట్లో ఉండేదట. దాన్ని నేను మా ఇంట్లో చేసి చూశాను.

ముందు కథ చెప్తాను. గణితంలో దిట్ట అయిన భాస్కరాచార్యుడి కూతురు లీలావతి. పెళ్ళీ పిల్లలూ లేకుండా ఉండిపోతుందని ఆమె జాతకం. తండ్రి లెక్కలు కట్టి, ఆ రాతను తప్పించే ఒకే ఒక్క లగ్నం పట్టుకున్నాడు. నీళ్ళలో చిల్లు గిన్నె వదిలారు. అది మునిగిన క్షణమే ముహూర్తం. లీలావతి ఊరుకోలేక వంగి గిన్నెలోకి చూసింది. బట్టలకున్న ముత్యం ఒకటి ఊడి, గిన్నెలో పడి చిల్లుకు అడ్డం కూర్చుంది. ఎవరూ గమనించలేదు. లగ్నం దాటిపోయింది. నీ పేరు నిలిచిపోయేలా పుస్తకం రాస్తానని తండ్రి ఓదార్చాడట.

ఆ పుస్తకమే 1150లో వచ్చిన లీలావతి గణితం. ఈ కథ మాత్రం భాస్కరుడి రాతల్లో ఎక్కడా లేదు. 1587లో అక్బరు ఆస్థానకవి ఫైజీ ఆ గ్రంథాన్ని పారశీకంలోకి తెచ్చినప్పుడు చెప్పాడు. అంటే నాలుగు వందల ఏళ్ళ తర్వాత! అందుకే కథ నిజమని నేను అనను. గిన్నె మాత్రం నిజం.

తెలుగులో దాన్ని గడియకుడుక అన్నారు. కుడుక అంటే ఎండు కొబ్బరి చిప్ప, ఆకారం అలాగే ఉంటుంది కాబట్టి. అడుగున చిల్లున్న రాగి గిన్నె పగలూ రాత్రీ కలిపి 60 సార్లు మునగాలని సూర్యసిద్ధాంతం చెప్తుంది. ఒక మునక ఒక గడియ, అంటే 24 నిమిషాలు. అందులో అరవయ్యో వంతు విగడియ, 24 సెకన్లు. రెండు గడియలైతే ముహూర్తం. ఘటిక అంటే చిన్న కుండ. అదే మన నోట్లో గడియ అయింది. కుండ పేరే కాలానికి పేరన్నమాట. (తలుపు గడియ సంగతి వేరు, దాన్ని ఇందులోకి లాగొద్దు.)

గిన్నె ఇంత బరువుండాలి, చిల్లు ఇంత బంగారు తీగ పట్టేలా ఉండాలి అని పాత పండితులు కొలతలు పెట్టారు. భాస్కరుడు సిద్ధాంతశిరోమణిలో వాటిని పక్కన పెట్టేశాడు. రోజుకు ఎన్నిసార్లు మునిగిందో లెక్కపెట్టు, రోజును ఆ సంఖ్యతో భాగించు, అదే నీ గిన్నె కొలత అన్నాడు. ఈ మాట నాకు ధైర్యమిచ్చింది. అమ్మ పారేస్తానన్న స్టీలు గిన్నె అడుగున మేకుతో చిల్లు కొట్టి బకెట్లో వదిలాను. నాలుగున్నర నిమిషాలకు బుడుంగున మునిగింది. ఆ లెక్కన నా గిన్నె రోజుకు 320 సార్లు మునుగుతుంది.

తర్వాత ముత్యం వంతు. ముత్యం ఎక్కడ తెస్తాం? ముందు బియ్యపుగింజ వేశాను. నీళ్ళ తోపుకి అది పక్కకి జరిగిపోయింది. ప్లాస్టిక్ పూస పైకి తేలిపోయింది. సైకిలు చక్రంలో వేసే ఇనుప గుండు వేస్తే మాత్రం చిల్లు మీద కుదురుగా కూర్చుంది. అరగంట చూశాను, గిన్నె మునగలేదు. కాబట్టి ఫైజీ కథలో మాయ లేదు. గుండ్రంగా, బరువుగా ఉంటే చాలు.

అక్కడే నాకో అనుమానం వచ్చింది. లగ్నాన్ని విగడియలతో సహా లెక్కపెట్టారు సరే, లీలావతి వయసెంత? కథలో ఎవరూ చెప్పలేదు.

ఈ ప్రశ్న యానాం పిల్లనైన నాకు రాకపోతే ఆశ్చర్యం. మన ఊరికి కల్యాణపురం అని ఇంకో పేరుంది కదా, అదేదో ముద్దుపేరు అనుకునేదాన్ని. శారదా చట్టం 1929లో వచ్చి, 1930 ఏప్రిల్ 1 నుంచి అమలైంది. బ్రిటిష్ ఇండియాలో 14 ఏళ్ళు నిండని ఆడపిల్లకు పెళ్ళి చేస్తే శిక్ష. యానాం ఫ్రెంచివాళ్ళది, ఆ చట్టం ఇక్కడ చెల్లదు. నీలపల్లి దాటితే చాలు, వేరే రాజ్యం. గోదావరికి అవతల ఉన్నవాళ్ళు ఎదుర్లంక నుంచి రేవు దాటితే సరి. అలా చుట్టుపక్కల తెలుగువాళ్ళు పిల్లల్ని తీసుకొచ్చి ఇక్కడ పెళ్ళిళ్ళు చేసుకుపోయారు. ఊరికి ఆ పేరు అలా వచ్చింది. యానాం నుంచి ఫ్రెంచివాళ్ళు వెళ్ళిపోయింది 1954లో.

ఇదే గోదావరి ఒడ్డున, రాజమహేంద్రవరంలో, 1881 డిసెంబరు 11న వీరేశలింగం గారు మొదటి వితంతు వివాహం చేయించారు. యాభై ఏళ్ళు తిరక్కముందే అదే నదిని దాటించి చిన్నపిల్లల్ని పెళ్ళికి తెచ్చారు. జీలకర్ర బెల్లం పెట్టే సమయం ఒక్క విగడియ కూడా తప్పకూడదని చూసుకుని ఉంటారు. ఆ పిల్లకు ఎన్నేళ్ళో లెక్కపెట్టకుండా ఉండడానికే కదా ఇంత దూరం వచ్చింది! మన ఇళ్ళల్లో తాతమ్మల పెళ్ళి ఎక్కడ జరిగిందో, అప్పటికి వాళ్ళకి ఎన్నేళ్ళో అడిగారా ఎప్పుడైనా? తెలిసినవాళ్ళు రాసిస్తే వచ్చే సంచికలో పెడదాం.

గిన్నె, ఇనుప గుండు డిపార్ట్‌మెంటు బల్ల మీద పెట్టాను. చూడాలనుకున్నవాళ్ళు బకెట్టు, వాచీ తెచ్చుకోండి.